ఫోను మీద పిండి

ఈసారీ మగగొంతే. ట్రక్కు, బీరు, ఏటి గట్టు, గట్టు మీద జీన్సు వేసుకున్న పిల్ల. ఇందాకటివాడూ ఇదే పాడాడు, వాడి ముందువాడూ ఇదే పాడాడు. ఈ మగాళ్ళందరికీ కలిపి ఒక్కటే ట్రక్కు ఉన్నట్టుంది, దాన్నే ఒకడి తరవాత ఒకడు అరువు తెచ్చుకుని పాటలు కట్టుకుంటున్నట్టున్నారు, అనుకుంది రీవా. తను కూర్చున్నదీ ట్రక్కులోనే. మొగుడు హర్షెల్ బతికుండగా కొన్న ఆకుపచ్చ ట్రక్కు, తలుపు తీస్తే ఏడుస్తుంది, వేస్తే తిడుతుంది, దీని మీద మాత్రం ఎవడూ పాట కట్టడు. ఇంజను ఆపేసి, తాళం సగం తిప్పి, రేడియో ఒక్కటీ పెట్టుకుని, రెండు చేతులూ ఒళ్ళో వెల్లకిలా పెట్టుకుని కూర్చుంది. దేన్నీ ముట్టుకోవడానికి లేదు. వేళ్ళ సందుల్లో, గోళ్ళ చివర్లలో తడిసి ఎండిన పిండి, రాయి మీంచి గీకిన పిండి. ఇందాక రేడియో మీట కూడా గుడ్డ అంచుతో పట్టుకుని తిప్పింది. రెండింటికీ మూడింటికీ మధ్య ఎప్పుడైనా నన్ను లోపలికి పిలుస్తారమ్మా, కాసేపు మాట్లాడించి తరవాత పాట వేస్తారు, తప్పకుండా విను, అంది కూతురు ట్రెస్సా ఫోనులో. తప్పకుండా వినాలిట. తన చావుపాట తను తప్పకుండా వినాలిట. వినక ఏం చేస్తుంది, కన్నందుకు.

ఇంటి దగ్గర వినే వీల్లేదు. రెండు కొండల మధ్య ఇరుకు లోయలో ఇల్లు. అక్కడ రేడియో పెడితే నూనెలో ఏదో వేగుతున్న చప్పుడు తప్ప ఏమీ రాదు, సెల్‌ఫోనైతే పిల్లలాడుకునే బొమ్మ కింద లెక్క. పట్నం స్టేషను వినాలంటే కొండెక్కాలి, కొండ మీద ఉన్నవి సమాధులు. కాబట్టి ఇక్కడివాళ్ళు కొత్త పాట ఏది వినాలన్నా పోయినవాళ్ళ పక్కన కూర్చుని వినవలసిందే. ఎక్కడికే, రేడియోకేనా, అని అడిగింది హర్షెల్ చెల్లెలు వెర్డీ, గేటు పట్టుకుని నిలబడి, మూతి ఓ పక్కకి తిప్పి. రేడియోకెందుకు, రేపు డెకరేషను కదా, సమాధి రాయి కడగొద్దూ, అంది రీవా. అబద్ధమేం కాదు. రేపు ఆదివారం వంశం వంశమంతా ఎక్కడెక్కడినుంచో దిగుతుంది, ఎవరివాళ్ళ సమాధులకి వాళ్ళు పూలు పెట్టుకుని, గడ్డి మీద దుప్పట్లు పరిచి, కోడి వేపుడూ గుడ్లూ అరటిపండు పుడ్డింగూ తిని, ఎవరి రాయి తళతళలాడుతోందో ఎవరి రాయి నాచు పట్టిందో కళ్ళతో కొలుచుకుని సాయంత్రానికి దిగిపోతుంది. హర్షెల్ పోయినప్పుడు అందరిలాగే తనూ జంటరాయే తీసుకుంది. ఎడమవైపు అతని పేరు, పుట్టిన ఏడు, పోయిన ఏడు. కుడివైపు రీవా స్లోన్, పుట్టిన ఏడు, ఓ చిన్న గీత, ఆ గీత పక్కన నున్నగా ఖాళీ. ఈ కొండ మీద మొగుడు పోయిన ఆడవాళ్ళందరి రాళ్ళూ అంతే. వచ్చినప్పుడల్లా తమ పేరు తాము చదువుకుని దిగిపోతారు, ఇందులో వింతేమీ లేదు, మంచం మీద తన వైపు దుప్పటి సర్దుకున్నట్టే. ఆ ఖాళీ ఇన్నాళ్ళూ ఎవరి జోలికీ పోలేదు, నాష్‌విల్ నుంచి ఆ ఫొటోలవాడు దిగేదాకా.

వాడొచ్చాడు, ట్రెస్సాని రాయి పక్కన కూర్చోబెట్టాడు, ఒళ్ళో గిటారు పెట్టాడు, గీత పక్కన ఖాళీ కనబడకుండా పూలగుత్తి ఒకటి వాల్చాడు. పాపం తండ్రితో ఫొటో కాబోలు అనుకుంది రీవా. పైగా ఇంటికి తీసుకెళ్ళి వేడి రొట్టెలూ గ్రేవీ పెట్టింది. తిన్నాడు, వేళ్ళు నాకాడు, ఇంతకన్న మంచి తిండి తినలేదన్నాడు, పోయి ఆ ఫొటోని పాట మీద అట్టలా వేసి దేశమంతా పంచిపెట్టాడు. ఉప్పు తిన్న విశ్వాసం కూడా లేదు వెధవకి. ఇంకా రాలేదేం ఈ పిల్ల? పశువుల దాణా ప్రకటన వస్తోంది, దాని వెనక ట్రాక్టరు టైర్ల ప్రకటన, ఎవరో తప్పిపోయిన కుక్క. కుక్క పేరు రెండుసార్లు చెప్పారు. కుక్క గురించి చెప్పడానికి తీరికుంటుంది వీళ్ళకి.

మొదటి రెండు చరణాలూ తన ఎదటే పాడింది ట్రెస్సా, క్రిస్మస్‌కి వచ్చినప్పుడు, వంటింటి బల్ల మీద కాలు మీద కాలేసుకు కూర్చుని. ఊరు వదిలిన పిల్ల ఇంటికి ఫోను చేస్తుంది, అమ్మ రొట్టెల పిండి కలుపుతూ కలుపుతూ ఆ చేతులతోనే ఫోను ఎత్తేస్తుంది, ఫోను మీద తెల్లగా వేళ్ళ గుర్తులు. ఎప్పుడే నేను పిండి చేతులతో ఫోను ముట్టుకున్నది, అని అప్పుడే అడిగింది రీవా. పాటమ్మా, అంది అది. మూడో చరణం ఏది అంటే ఇంకా రాలేదంది. వచ్చింది, వసంతంతో పాటే వచ్చింది. ఊళ్ళో జుట్టు కత్తిరించే షాపులో, నెత్తి మీద వేడిగాలి డిప్ప పెట్టుకుని తను కూర్చున్నప్పుడు రేడియోలో వచ్చింది. డిప్ప హోరులో ముందు సరిగా వినపడలేదు, అందరూ తన వంకే చూస్తున్నారు, చేతిలో దువ్వెనలు చేతుల్లోనే ఉన్నాయి, ఏమిటే అని డిప్ప ఎత్తి వింటే, ఆ పిల్ల ఇంటికి తిరిగి వచ్చేసింది, అమ్మ కొండ మీద నాన్న పక్కన పడుకుని ఉంది, ఇంట్లో ఫోను మీద మాత్రం ఆ పిండి గుర్తులు అలాగే ఉన్నాయి. జుట్టు సగం తడి, సగం పొడి. షాపు ఆవిడ గొంతు సవరించుకుని, రీవా, ఇంకాసేపు ఆరనివ్వనా, లేక ఇక అక్కర్లేదా, అంది. పగలబడి నవ్వారందరూ. రీవా కూడా నవ్వింది, నవ్వక చస్తుందా. ఇంటికొచ్చి ఫోనుని గుడ్డతో తుడిచింది, మరకేం లేదు, అయినా మళ్ళీ తుడిచింది.

ఆ సాయంత్రం మొదలైంది పోట్లాట, ఇప్పటికీ తెగలేదు. నాష్‌విల్‌లో పాటలు ఒక్కళ్ళే కట్టరుట, ముగ్గురు ఒక గదిలో కూర్చుని కడతారుట, ఒకళ్ళు పాట మొత్తం చెప్పినా, ఇంకొకళ్ళు కాఫీ తాగుతూ ఊఁ కొట్టినా ముగ్గురికీ సమానమేట. ఆ గదిలో తన కూతురు, టోపీలు పెట్టుకున్న ఇద్దరు మగపిల్లలు. రెండు చరణాలూ అయ్యాక ఆ టోపీలవాళ్ళలో ఒకడన్నాట్ట, అమ్మ బతికే ఉంటే మూడో చరణంలో ఎక్కడికి పోతాం అని. ఎక్కడికి పోతారు, వంటింట్లోకి పొండి, ఆవిడ అక్కడే ఉంటుంది, అంట్లు తోముతూ! తన తల్లి పోలేదని ఆ గదిలో ఉన్న ఒక్క మనిషికి తెలుసు, ఆ ఒక్క మనిషీ నోరు మూసుకుంది. అది కథమ్మా, నువ్వు కాదు, అంటుంది. నేను కాకపోతే నా పేరున్న రాయి ఎందుకే? అది కంపెనీవాళ్ళు అడిగారమ్మా. కంపెనీవాళ్ళు అడిగితే అమ్మని ఇచ్చేస్తావా? రాగం మాత్రం ఎవడూ ఇవ్వలేదు, అది రీవాదే, ఒట్టు, చర్చిలో పెద్దాయన ఒక్కో ముక్కా అందిస్తుంటే అందరూ లాగి లాగి పాడే పాత పాటల బాణీ, పిండి పిసుకుతూ తను ముక్కుతో తీసే కూనిరాగం. దాన్ని ఉయ్యాల్లో ఉండగా విని పెద్దయింది అది. ఆ రాగంతోనే తనని పాతిపెట్టింది.

అమ్మా, అర్థం చేసుకో, అంది కిందటి వారం, గొంతు తడిగా. ఆడవాళ్ళ పాట వెంట ఆడవాళ్ళ పాట వెయ్యరు రేడియోలో, కూరలో ఉప్పు రెండోసారి వేసినట్టవుతుందని వాళ్ళ భయం, ఉన్న ఒక్క ఖాళీలోకి ముగ్గురు అమ్మాయిలం తోసుకుంటున్నాం, నాది కొంచెం ముందుంది, ఎందుకు ముందుందో తెలుసా, అది నిజమని జనం అనుకుంటున్నారు కాబట్టి. పోయినవాళ్ళ కోసం ఏడ్చేవాళ్ళు ఫోను చేసి మరీ అడిగి వేయించుకుంటున్నారు. ఇప్పుడు నేను నోరు విప్పి మా అమ్మ నిక్షేపంగా ఉంది, నిన్ననే నన్ను తిట్టింది అన్నాననుకో, పాట పడిపోతుంది, ఈ పాట పడిపోతే కంపెనీవాళ్ళు ఇంకో పాట చెయ్యరు, ఇంటికొచ్చేస్తాను. రీవా అంతా విన్నది. విని, సరే, నీ బతుకు నీది, నా బతుకు నాది, అంది. శనివారం ఆ రేడియోలో అడుగుతారుగా, అప్పుడు నీ నోటితో నువ్వు చెప్పు, మా అమ్మ బతికుందని. చెప్పకపోతే ఆదివారం కొండెక్కకు. నాన్నకి పూలు నేనే పెడతాను, నువ్వు రానక్కర్లేదు. అని ఫోను పెట్టేసింది. కూతుర్ని డెకరేషన్‌కి రావద్దన్న తల్లి ఈ లోయలో ఇంతవరకూ లేదు. అన్నమాట వెనక్కి తీసుకున్న రీవా కూడా లేదు.

అదుగో, ఆడగొంతు! రీవా ముందుకు వంగింది, రెండో ముక్కకే తెలిసిపోయింది, ట్రెస్సా కాదు, ఇంకెవరో, ఎవడి కారు అద్దాలో పగలగొడతానంటోంది. పగలగొట్టు తల్లీ, పగలగొట్టు, కానీ ఇప్పుడేనా? ఇక ఈ పాట అయ్యాక మర్యాద కోసం ఇద్దరు ముగ్గురు మగాళ్ళు రావాలి, ట్రక్కులు మళ్ళీ ఏటి గట్టుకి చేరాలి, అప్పటిదాకా తన కూతురు ఆ స్టేషనులో ఏ బల్ల మీదో చేతులు కట్టుకు కూర్చోవాలి. చర్చిలో ఆడవాళ్ళందరూ ఒక్కసారే పాడతారు, ఎవరి చెవులకీ ఏమీ కాలేదు. మగాళ్ళ పాటలు ఆరు వరసగా విన్నా ఎవడికీ ఉప్పెక్కువైనట్టు అనిపించదు కాబోలు. ఈ మాట ఎవరితోనన్నా అందామంటే పక్కన ఎవరూ లేరు, హర్షెల్ ఉన్నాడు గాని వినడు, బతికున్నప్పుడూ అంతే.

ఇంక ఆ రాయి. ఫొటో చూసి మొదట ఎవరో ప్లాస్టిక్కు గులాబీలు పెట్టి పోయారు, సరే అనుకుంది. తరవాత అప్పడాల కర్ర ఒకటి, రొట్టెలు కోసే రేకు గిన్నె ఒకటి. తరవాత పిండి సంచులు. మనుషులకి మతి ఉండద్దూ! ఆరుబయట, ఈ కొండ మీద, ఈ వానల్లో, పిండి. తడిసి, సంచీ చిరిగి, ముద్దయి, ఎండకి గట్టిపడి, రీవా అన్న పేరులోకి ఎక్కి కూర్చుంది. పొద్దుటినుంచి చాకుతో గీకుతోంది, తెచ్చిన నీళ్ళన్నీ దానికే అయిపోయాయి, ఇంకా సగం పేరు మిగిలే ఉంది. హర్షెల్ వైపు మాత్రం అద్దంలా ఉంది. చచ్చినవాడి కళ్ళు చారెడంటారు, ఆ మాట ఎంత నిజమో బతికుండగా చూసే యోగం తనకే పట్టింది. పాట వచ్చిన దగ్గర్నుంచి రీవా రొట్టెలంటే దూదట, రీవా మనసంటే వెన్నట. ఈ అన్నవాళ్ళలో ఒక్కళ్ళు కూడా, బతికున్న ఇన్నేళ్ళలో, రీవా నీ రొట్టె బాగుందే అని నోరారా అన్న పాపాన పోలేదు. వెర్డీ అయితే ముప్ఫై ఏళ్ళుగా ఉప్పు తక్కువ అంటూనే ఉంది. అదీ కిందటి ఆదివారం చర్చిలో ఎవరితోనో, మా రీవా చెయ్యి అమృతం, అంటోంది, పక్క బల్ల మీదే తను కూర్చుని ఉండగా. బతికున్న మనిషికి దినం భోజనాలు పెట్టినట్టుంది.

తెల్ల కారు ఒకటి మెల్లగా ఎక్కి వచ్చి గేటు దగ్గర ఆగింది. ఒహాయో నంబరు ప్లేటు. వచ్చారమ్మా ఇంకొకళ్ళు. పసుపుపచ్చ చొక్కా వేసుకున్న నడివయసు ఆవిడ దిగింది, మొగుడు స్టీరింగు దగ్గరే ఉండిపోయాడు. ఆవిడ చేతిలో పూలు ఉన్నాయి, నయం, పిండి లేదు. రాళ్ళ మధ్యనుంచి నడుచుకుంటూ వెళ్ళి సరిగ్గా అక్కడే ఆగింది. నిలబడింది. గీకిన చోట వేలితో రాసింది, ఎవరో ఇంత శ్రద్ధగా తుడుస్తున్నారే అన్నట్టు చుట్టూ చూసింది, ట్రక్కులో రీవాని చూసి తల వంచి పలకరించింది కూడా. రీవా కూడా తల వంచింది. ఏం చెయ్యాలి మరి? కిందికి దిగి, ఏమండీ, ఆ పూలు ఇటివ్వండి, ఇంకా టైముంది, అనాలా? ఆవిడ మోకాళ్ళ మీద కూర్చుంది, కూర్చుని భుజాలు ఎగిరెగిరి పడేలా ఏడవడం మొదలుపెట్టింది. రీవాకి ఒళ్ళు మండింది. అయినా ఇది దొంగ ఏడుపు కాదు. ఈవిడ తల్లి ఎవరో పోయింది, ఆ రాయి ఎక్కడో గుట్టాపుట్టా లేని ఫ్యాక్టరీ ఊళ్ళో చదును నేల మీద ఉండి ఉంటుంది, అక్కడ ఏడుపు రాక ఇంత దూరం వచ్చి ఇక్కడ ఏడుస్తోంది. నా రాయి మీద. నా ఎదట. ట్రెస్సా, నీ దుంప తెగ, ఈవిడకి నేనేం చెప్పనే? ఏడ్చి ఏడ్చి, ముక్కు చీదుకుని, లేచి వెళ్ళి కారులో కూర్చుంది ఆవిడ. కారు కదల్లేదు. అద్దాలు ఎత్తేసి, ఇంజను ఆడిస్తూ, చల్లగాలి పెట్టుకుని కూర్చున్నారిద్దరూ. వాళ్ళూ దీనికోసమే కూర్చున్నారు.

రెండో మగాడు అయ్యాడు, మూడోవాడు మొదలెట్టాడు. రీవా వేళ్ళు ఒకదాని మీద ఒకటి రుద్దుకుంది, పొట్టు పొట్టుగా రాలుతోంది. తలకెక్కే చిరాకు ఇంకొకటి లేదు ఇంతకన్న. ఒక పని చేతికి అంటుకుని ఇంకో పనిలోకి పోకూడదే, అనేది తన తల్లి. చేతులు కడుక్కున్నాకే తలుపు, చేతులు కడుక్కున్నాకే బైబిలు, ఫోను వచ్చాక చేతులు కడుక్కున్నాకే ఫోను. అది మోగుతూ ఉంటుంది, మోగనీ, ఎవరికి అవసరమో వాళ్ళు ఆగుతారు. నీళ్ళ చప్పుడు, సబ్బు, తువ్వాలు, అప్పుడు హలో. చిన్నప్పుడు ట్రెస్సా గంతులేసేది, అమ్మా ఎత్తవే, ఆగిపోతుందే, అని. కొన్ని ఆగిపోయేవి. ఒక ఆదివారం అలాగే మోగి ఆగిపోయింది, ట్రెస్సా నాష్‌విల్ వెళ్ళిన మొదటి చలికాలం, ఎవరో కాల్చుకు తినే ప్రకటనలవాళ్ళే అనుకుని మళ్ళీ పిండిలో చేతులు పెట్టింది. చాలా ఏళ్ళకి గాని తెలియలేదు. అది ఓ హోటలు వంటగదిలో గిన్నెలు కడిగే చోట నిలబడి చేసిందిట, అమ్మా ఇంక నావల్ల కాదు, వచ్చెయ్యనా, అని అడుగుదామని. ఎవరూ ఎత్తలేదు. ఎత్తకపోతే పనిలోకి పోయింది. పోయి, ఉండిపోయింది. ఈమధ్యే చెప్పింది ఆ సంగతి, నవ్వుతూ, నువ్వు ఫోను ఎత్తి ఉంటే ఈ పాటే లేదమ్మా, అని. తనూ నవ్వింది. రాత్రి పక్క మీద వాలాక గాని తగల్లేదు ఆ మాట. పాటలో తల్లి మొదటి మోతకే ఎత్తేస్తుంది. చేతులు కడుక్కోదు. పిండి పిండిగానే ఎత్తేసి, ఏం తల్లీ, అంటుంది. తనని చంపారని ఇన్నాళ్ళూ గింజుకుంటోంది గాని, చంపక ముందు ఆ పిల్ల తనని ఎలాంటి తల్లిని చేసుకుందో చూసిందా? చూస్తే మాత్రం? ఎంత మంచి తల్లిని చేసి చంపితే మాత్రం చావు చావు కాకుండా పోతుందా?

ట్రక్కువాడు తోక ముడిచాడు. రేడియో అతను గొంతు మెత్తగా చేసుకుని, ఇదుగో మన కొండల పిల్ల, మన ట్రెస్సా స్లోన్, ఇక్కడే నా ఎదురుగా కూర్చుని ఉంది, అన్నాడు. నమస్కారమండీ, అంది ట్రెస్సా. జలుబు చేసింది దానికి. ఎవరికి తెలిసినా తెలియకపోయినా తనకి తెలుసు, ఆ ముక్కు గొంతు. వేడి పులుసు తాగించే దిక్కు లేదు అక్కడ. ఎక్కడ పుట్టావు, గిటారు ఎవరు నేర్పారు, నాన్న స్కూలు బస్సు నడిపేవాడట కదా, అడిగిందే అడుగుతున్నాడు, ఇది చెప్పిందే చెబుతోంది, ఇద్దరూ కలిసి చుట్టూ తిరిగి తిరిగి ఆ అమ్మ ప్రశ్న వాకిట్లోకే వస్తున్నారని తెలుస్తూనే ఉంది. అతను కాస్త ఆగాడు, సినిమాల్లో డాక్టరు ఆగినట్టు.

"మరి మీ అమ్మగారు పోయి ఎన్నాళ్ళయింది, ట్రెస్సా?"

నిశ్శబ్దం. చెప్పు, అంది రీవా. పైకే అంది. నిశ్శబ్దం. ఆలోచించుకుంటోంది పాపం, ఎదురుగా కంపెనీవాడెవడో నిలబడి తల అడ్డంగా ఊపుతూ ఉంటాడు. ఇంకా నిశ్శబ్దం. ఇంతసేపు ఎవరైనా ఆగుతారా రేడియోలో? ఏడుస్తోందా? చెప్పకపోతే పోనీలే, ఏదో ఒకటి అనవే, కొంప మునిగిపోయినట్టు అలా బిగుసుకుపోకు, పోయిందనే చెప్పు, పోనీ, పోయిందనే చెప్పు, నీ గొంతు ఆగిపోకుండా ఉంటే చాలు. అప్పుడు చూసింది. ఎదర అద్దం కింద ఇందాకటిదాకా వెలిగిన చిన్న ఎర్రదీపం ఆరిపోయి ఉంది. తాళం ఇటు తిప్పింది, అటు తిప్పింది. చేతులు కడుక్కోలేదన్న స్పృహ కూడా లేదు. టక్కుమంది, అంతే. బ్యాటరీ చచ్చింది. హర్షెల్ ఎన్నిసార్లు చెప్పాడు, ఇంజను ఆపి రేడియో పెట్టకే, బ్యాటరీ తాగేస్తుంది, అని. చెప్పాడు, చెప్పాడు, ఇప్పుడు ఆ రాయి కింద పడుకుని నవ్వుతున్నాడు. ఒకటా, రెండా, ఈ హైరానా! ఆరు వారాలు గొడవపడి, కొండెక్కి, ప్రపంచంలో ఉన్న మగాళ్ళందరి ట్రక్కులూ విని, తీరా ఆ ఒక్క మాట దగ్గర, సరిగ్గా ఆ ఒక్క మాట దగ్గర! రీవా మోచేత్తో స్టీరింగుని గుద్దింది. హారను కూడా మోగలేదు.

గేటు దగ్గర తెల్ల కారులో వాళ్ళకి వినబడుతోంది. అద్దాల వెనక ఇద్దరి తలలూ కదలకుండా ఉన్నాయి. రీవా వాళ్ళ మొహాలు చదవడానికి కళ్ళు చికిలించింది, ఎండ పడి మొగుడి మొహం కనబడలేదు, ఆవిడది కనబడింది. ఆవిడ నోరు కొద్దిగా తెరిచింది. చెయ్యి ఎత్తి నోటి మీద పెట్టుకుంది. మెల్లగా, చాలా మెల్లగా తల తిప్పి, ఆకుపచ్చ ట్రక్కు వైపు చూసింది.

కారు తలుపు తెరుచుకుంది. వస్తోంది. తిడుతుంది, తిట్టాలి కూడా, ఒహాయో నుంచి వచ్చి బతికున్నదాని రాయి మీద ఏడ్చింది, ఎవరు ఊరుకుంటారు? రీవా ట్రక్కు దిగి నిలబడింది, కూర్చుని తిట్లు తినడం మర్యాద కాదని. ఆవిడ దగ్గరకొచ్చి రీవా మొహం చూసింది, చేతులు చూసింది, గోళ్ళ చివర పిండి చూసింది.

"మీరేనా?" అంది.

"నేనే," అంది రీవా. "మిమ్మల్ని పిలుద్దామనే అనుకున్నానమ్మా. ఏమని పిలవను?"

నవ్వుతోందో ఏడుస్తోందో ఆవిడకే తెలియనట్టుంది. మా అమ్మ జనవరిలో పోయింది, అంది. కిందటి నెలలో ఒకసారి వచ్చి ఆ పిండి సంచీ పెట్టింది కూడా నేనే, అంది. మీరా ఆ పుణ్యాత్మురాలు, వానలో పిండి పెడతారా తల్లీ ఎవరైనా, అంది రీవా, అని వెంటనే నాలిక్కరుచుకుంది. కానీ ఆవిడ ఈసారి నిజంగానే నవ్వింది. ఇక రీవాకి ఆగలేదు. నా బ్యాటరీ పోయింది, మా పిల్ల ఏమందో నేను వినలేదు, ఏమంది, అని అడిగింది.

"మా అమ్మ పోలేదండీ, బతికే ఉంది, అంది. పాటలో అమ్మ వేరే, అసలు మా అమ్మ ఫోనుకి పిండి అంటనివ్వదు, చేతులు కడుక్కునేదాకా మోగనిస్తుంది, నేను ఆగుతాను, అంది. ఇప్పుడు కూడా కొండ మీద నాన్న ఆకుపచ్చ ట్రక్కులో కూర్చుని, విననట్టు వింటూ ఉంటుంది, అంది. అమ్మా, ఇంజను ఆపి రేడియో పెట్టకు, బ్యాటరీ పోతుంది, అని కూడా అంది."

రీవా ట్రక్కు తలుపు పట్టుకుని నిలబడింది. ఆరు వారాలు అడిగింది. గొంతు పోయేలా అడిగింది. ఇప్పుడు కళ్ళ ముందు కనబడుతున్నది ఆ రేడియో గది, గాజు అద్దం వెనక కంపెనీవాడు, ఫోనులు చేసి పాట అడిగేవాళ్ళు ఒక్కొక్కళ్ళూ చెయ్యి వెనక్కి తీసుకోవడం, ఆ ఒక్క ఖాళీలోకి ఇంకో పిల్ల తోసుకుని వచ్చెయ్యడం.

"ఎవరు చెప్పమన్నారు దాన్ని?" అంది. "పిచ్చిమొహంది. ఇంకో వారం ఆగలేకపోయిందా? తినేస్తారు దాన్ని అక్కడ. ఎవరు చెప్పమన్నారమ్మా?"

కారులోంచి మొగుడు కిటికీ అద్దం దించి, మొదలైంది, మొదలైంది, అని చెయ్యి ఊపాడు. గిటారు సన్నగా ఇక్కడిదాకా వచ్చింది. రండి రండి, అంది ఆవిడ, రీవా మోచెయ్యి పట్టుకుని, మా కారులో వినండి, తరవాత మా ఆయన బ్యాటరీకి తీగలు తగిలించి మీ బండి కదుపుతాడు. నడుస్తూనే రీవా అంది, రేపు మధ్యాహ్నం ఇక్కడ భోజనాలు, మా పిల్ల వస్తుంది, మీరూ రండి, మీ అమ్మగారికి కూడా పూలు పెడదాం, హర్షెల్ పక్కన చోటుంది. వస్తామంది ఆవిడ. కారు దగ్గరికి వచ్చాక రీవా చేతులు చూసి, ఉండండి, వెనక నీళ్ళ సీసా ఉంది, చేతులు కడుక్కుందురు గాని, అంది.

రీవా చేతుల వంక చూసుకుంది. లోపల ట్రెస్సా మొదటి చరణం ఎత్తుకుంది, జలుబు లేని గొంతుతో, పిండి పిసికే రాగంలో, ఇంటికి ఫోను చేస్తోంది. చప్పుడు మరీ తక్కువగా పెట్టాడు ఆ మొగుడు. కడుక్కుని వచ్చేసరికి సగం అయిపోతుంది.

వద్దులే, అని ముందు సీట్లో కూర్చుని, చెయ్యి చాచి మీట పెద్దగా తిప్పింది. నల్లటి మీట మీద తెల్లగా వేళ్ళ గుర్తులు పడ్డాయి. తుడవలేదు.